నెమ్మది పాటలతో కారు నేర్పిన అంకుల్

మొన్న మంగళవారం పొద్దున పాపకు లంచ్‌బాక్సు సర్దుతుంటే ఫోను మోగింది. అంకుల్ వాళ్ల అమ్మాయి. "నాన్న పోయారక్కా, నిద్రలోనే" అంది. నేను "సరే" అన్నాను. అలాంటి మాటకు సరే అనడమేమిటో నాకే తెలియలేదు. ఫోను పెట్టేసి, సగం కోసిన ఆపిల్ చేతిలో పట్టుకుని అలాగే నిలబడిపోయాను. పాప వచ్చి "మమ్, వీ ఆర్ గోయింగ్ టు బి లేట్" అని రెండుసార్లు అన్నాక గానీ కదల్లేదు. బడికి దింపి వచ్చి, ఇంటి ముందు కారులోనే కూర్చుని ఏడ్చాను.

ఆస్ట్రేలియాలోని పెర్త్‌లో మా హారిస్‌డేల్ పేట తెలుగువాళ్లందరికీ ఆయన డ్రైవింగ్ అంకుల్. అదేమీ ఆయన వృత్తి కాదు. విశాఖ రేవులో టగ్గు నడిపిన మనిషి. టగ్గు అంటే పెద్ద ఓడలను గట్టు దాకా నెట్టుకొచ్చే చిన్న పడవ. రిటైరయ్యాక భార్యతో సహా కూతురి దగ్గరికి వచ్చి ఇక్కడే ఉండిపోయారు. నేను ఎరిగేనాటికి ఆంటీ లేరు. ఆయన పనల్లా మా వీధుల్లో ఆడవాళ్లకు కారు నేర్పడం. మగవాళ్లు ఎవరైనా అడిగితే "నీకు డ్రైవింగ్ స్కూలుంది కదా బాబూ" అని పంపేసేవారు. ఎందుకలా అని మేము చాటుగా నవ్వుకునేవాళ్లం.

నేను ఆయన దగ్గరికి వెళ్లింది నాలుగేళ్ల కిందట. మా ఆయనది గనిలో ఉద్యోగం. విమానమెక్కి వెళ్తే రెండు వారాలు అక్కడే, ఆ తర్వాత వారం ఇంట్లో. ఆ రెండు వారాలూ కారు గరాజ్‌లో, నేను ఇంట్లో. హన్మకొండలో స్కూటీ మీద ఊరంతా తిరిగినదాన్ని, ఇక్కడ పాలు అయిపోతే పాపను స్ట్రోలర్‌లో తోసుకుంటూ ఎండలో నడిచేదాన్ని. మా ఆయన నేర్పబోయాడు గానీ రెండో రోజుకే ఇద్దరికీ మాటల్లేకుండా పోయాయి. అంతలో రక్తపరీక్షల ల్యాబ్‌లో ఉద్యోగం వచ్చింది. హన్మకొండలో ఆరేళ్లు చేసిన పనే. కాకపోతే ఇక్కడ రోజుకో సెంటరుకు తిరగాలి కాబట్టి లైసెన్సు తప్పనిసరి. రెండు నెలల్లో చూపించాలన్నారు. చూపించలేకపోతే ఆ ఉద్యోగం ఇంకొకరికి పోతుంది, నేను మళ్లీ స్ట్రోలర్ తోసుకోవాలి.

అంకుల్ కారు జపాన్‌లో ఎవరో వాడి వదిలేస్తే ఓడెక్కి వచ్చిన పాతబండి. తాళం తిప్పగానే అందులోంచి ఒక అమ్మాయి గొంతు జపాన్ భాషలో ఏదో చెప్పేది. అంకుల్ ప్రతిసారీ "అలాగేనమ్మా" అనేవారు. దాని రేడియో ఇక్కడి స్టేషన్లు పట్టదు. ప్లేయర్‌లో పాత యజమాని సీడీ ఇరుక్కుపోయి ఉంది, ఎంత నొక్కినా బయటికి రాదు. కాబట్టి ఆ బండిలో వినపడేది ఒక్క గాయని, ఆమెవి పద్నాలుగు పాటలు. అన్నీ నెమ్మదివే. సీడీ అట్ట కూడా డాష్‌బోర్డు అరలో ఉండేది. దాని మీద తెల్ల స్వెటర్ వేసుకున్న ఆమె, ఎటో పక్కకు చూస్తూ ఉంటుంది.

మొదటి రోజు నేను కూర్చోగానే తాళం మీద చెయ్యి వేశాను.

"సగమే తిప్పమ్మా. మొదటి పాట అయ్యేదాకా ఇంజను వద్దు."

"అంత సేపు ఏం చెయ్యాలె అంకుల్?"

"కూర్చో. అద్దాలు సర్దుకో. గుండె కొట్టుకోడం తగ్గిందేటో చూసుకో."

"ఈ పాటలింటె నాకు నిద్రొస్తాంది."

"రానీ. భయమున్నోళ్లకి నిద్దరొస్తదేటి?"

ఆయన పద్ధతే అది. పాటను బట్టి పాఠం. రెండో పాటకు మా కాలనీ కూడళ్లలోని రౌండెబౌట్లు అన్నీ ఒక చుట్టు చుట్టాలి. నాలుగో పాటకు షాపుల వెనకాల రివర్స్ పార్కింగ్. పాట అయిపోయేలోగా బండి రెండు గీతల మధ్య ఉండాలి. "ఈమెని చూడు, ఊపిరి తీసుకోకుండా మాట ఎత్తదు" అనేవారు. "నువ్వూ అంతే. ఆమె ఊపిరి తీసుకున్నప్పుడు భుజం మీంచి వెనక్కి చూడు. ఆ తరవాతే స్టీరింగు." నిజంగానే ప్రతి చరణం ముందూ ఆ గాయని ఊపిరి వినపడేది. నెల తిరిగేసరికి ఆ ఊపిరికి నా తల దానంతటదే వెనక్కి తిరగడం మొదలైంది. నాకు గొప్ప సంబరం.

ఏడో పాట వచ్చినప్పుడు మాత్రం ఆయన ఏమీ చెప్పేవారు కాదు. "నేరుగా పో" అని, ఎడమ కిటికీలోంచి బయటికి చూస్తూ కూర్చునేవారు.

పాప చైల్డ్‌కేర్‌లో ఒక జపాన్ తల్లి పరిచయమైతే ఆ అట్ట చూపించాను. ఆ గాయనికి వాళ్ల దేశంలో గలగలలాడే డాన్సు పాటల వల్లనే పేరట. అయితే ఏళ్ల తరబడి తన ఆల్బమ్‌ల చివర్లో ఎక్కడో ఒదిగిపోయిన నెమ్మది పాటలన్నీ ఏరి, వాటితోనే ఈ ఆల్బమ్ వేసిందట. పాటల అర్థాలు కూడా రాయించుకొస్తానని అంకుల్‌తో అంటే వద్దన్నారు. "అందరూ ఎగిరే పాటలే అడుగుతుంటే తన నెమ్మదంతా ఓ చోట దాచుకుంది. ఆ మాత్రం తెలిస్తే చాల్లేమ్మా."

పరీక్ష రోజు అదే కారు తీసుకెళ్లాను. పరీక్ష పెట్టే ఆయన మర్యాదస్తుడు. బెల్టు పెట్టుకుని మొట్టమొదట అన్న మాట, మ్యూజిక్ ఆపేయగలరా అని. సౌండు పూర్తిగా తగ్గించాను. బండి నిశ్శబ్దమైపోయింది. పక్కన ఆపిన బండిని రోడ్డు మీదికి తెచ్చేటప్పుడు నేను వెనక్కి చూడలేదు. లేన్ మారినప్పుడూ చూడలేదు. ఏదో రావాలి, ఇంకా రాలేదు అని మనసులో ఎదురుచూస్తూనే ఉన్నాను, చేతులు మాత్రం తిప్పేస్తున్నాయి. తిరిగొచ్చాక ఆయన కాగితం మీద ఫెయిల్ అని రాసి, ఒక్కసారి కూడా భుజం మీంచి చూడలేదండీ అన్నారు.

బయట బెంచీ మీద అంకుల్ కూర్చుని ఉన్నారు. ఆ రోజు నేనన్న మాటకు ఇప్పటికీ సిగ్గుపడతాను.

"మీ పాటల వల్లనే అంకుల్. ఆమె ఊపిరి తీసుకుంటెనే నా తల వెనక్కి తిరుగుతది. ఇప్పుడు జాబ్ పోతె నేనేం చెయ్యాలె?"

ఆయన టోపీ తీసి ఒళ్లో పెట్టుకున్నారు. "తప్పు నాదేనమ్మా" అన్నారు. "నీకు పాట నేర్పాను గానీ రోడ్డు నేర్పలేదు." అంతే. అంతకుముందు నేర్చుకున్నవాళ్లంతా పాసయ్యారే అనలేదు. నీ బుర్ర ఏమైంది అనలేదు. మా ఇళ్లల్లో ఆ వయసు మగవాడు తప్పు నాది అని ఊరుకోవడం నేను ఎక్కడా చూడలేదు. నా కోపం ఎటు పోవాలో తెలియక కళ్లలోకి వచ్చింది.

మళ్లీ పరీక్షకు మూడు వారాల తర్వాత దొరికింది, ఉద్యోగం గడువుకు నాలుగు రోజుల ముందు. ఆ మూడు వారాలూ సౌండు సున్నాలో పెట్టి నేర్పారు. పాటలు తిరుగుతూనే ఉండేవి, ప్లేయర్ తెర మీద పాట అంకెలు మారేవి, చప్పుడు మాత్రం ఉండేది కాదు. ఒక రోజు పెద్దరోడ్డు మీద వెళ్తుంటే అంకె ఏడుకు వచ్చింది. ఆయన మాట్లాడటం మొదలుపెట్టారు.

"ఈ బండి కొన్నప్పుడు మా ఆవిడుంది. ఈ పాటొస్తే చెయ్యెత్తేది, మాటాడొద్దని. ఓ రోజు అడిగింది. ఇవి వింటంటే నేను కూడా నడపగల్ననిపిస్తంది, నేర్పరాదా అని. నేన్నవ్వేశాను. నేనున్నాను కదే, నీకెందుకన్నాను."

నేను రోడ్డు మీదే చూపు నిలిపి నడుపుతున్నాను.

"తరవాత నాకు గుండె ఆపరేషన్. పన్నెండ్రోజులు ఆస్పత్రిలో ఉన్నాను. అమ్మాయికి అప్పుడే సిజేరియన్ అయింది, అల్లుడికి ఆ పనే సరిపోయేది. మా ఆవిడ నాలుగంటే నాలుగు రోజులొచ్చింది. మిగతా రోజులు పొద్దున్నే చీర మార్చుకుని గుమ్మం దగ్గర కూచునేదట, ఎవరైనా అటేపు వెళ్తారేమోనని. నోరు తెరిచి ఎవర్నీ అడగలేదు. వచ్చిన రోజైనా కుదురుగా కూచునేది కాదు. తెచ్చినోళ్లు కింద వెయిటింగ్ అని, గడియారం చూసుకుంటా ఉండేది. ఆ మరుసటేడు పోయింది." డాష్‌బోర్డు అర తెరిచి మూశారు. "నన్ను ఒక్క మాట అన్లేదమ్మా. అనుంటే బాగుండేది."

నాకు ఏడుపొస్తోందని ఆయనకు తెలిసినట్టుంది. "వెనక్కి చూసుకో, లేన్ మారాలి" అన్నారు. చూశాను, మారాను. ఆ రోజు ఊపిరి తీసుకున్నది నేనే.

రెండోసారి పాసయ్యాను. అంకుల్ శభాష్ అనలేదు, చెయ్యి కలపలేదు. వెనక సీట్లోకి వెళ్లి కూర్చుని, "ఇంటికి దింపమ్మా" అని కళ్లు మూసుకున్నారు. నిద్రపోయారో నటించారో తెలియదు గానీ, ఇల్లు వచ్చేదాకా కళ్లు తెరవలేదు. ల్యాబ్‌లో ఉద్యోగంలో చేరాను. ఇవాళ్టికీ అదే చేస్తున్నాను.

ఈ చలికాలం ఆయన్ని మళ్లీ ఆస్పత్రిలో చేర్చారు. ఈసారి ఇంటికి రారని డాక్టర్లు ముందే చెప్పారు. ఆయన దగ్గర నేర్చుకున్న మేమంతా వెళ్లేవాళ్లం. ఎవరూ వంతుల పట్టిక వేయలేదు, ఎవరికి వీలైనప్పుడు వాళ్లు. ఫోనులో ఆ పాటలు పెట్టమంటారా అని ఒకామె అడిగితే, "అవి బండిలో వినాల్సినవమ్మా" అన్నారట. మొదటిసారి నేను లోపలికి వెళ్లగానే ఆయన పలకరించకుండా ప్రశ్న వేశారు.

"ఎవరు తెచ్చారమ్మా నిన్ను?"

మరుపు వచ్చిందేమోనని భయపడ్డాను. "నేనే వచ్చిన అంకుల్" అన్నాను.

"ఒక్కర్తివేనా?"

"ఒక్కదాన్నే."

"కింద ఎవరూ వెయిటింగ్ లేరు కదా?"

"ఎవ్వరు లేరు."

"అయితే కూర్చో" అన్నారు. అప్పుడు నవ్వారు.

తర్వాత తెలిసింది, వచ్చిన ప్రతి ఆడమనిషినీ ఆయన అదే అడిగేవారట, అదే వరుసలో. ఒకే రోజు ఇద్దరు వెళ్తే ఇద్దరినీ అడిగేవారు. మేమెవరమూ విసుక్కోలేదు. ఒకామె ఆ రోజు నిజానికి భర్త దింపితే వచ్చింది. అయినా నేనే వచ్చానని చెప్పిందట. చెప్పి, మరుసటి రోజు కారు తీసుకుని ఒక్కతే మళ్లీ వెళ్లింది.

పోయిన ఆదివారం నా వంతు ప్రశ్నలు చాలా మెల్లగా వచ్చాయి. మూడోది అడిగేలోపే ఆయాసం వచ్చింది. అడగకుండానే చెప్పాను, కింద ఎవ్వరూ లేరు అంకుల్, నాకు తొందరేం లేదు అని. ఆయన చేత్తో కుర్చీ చూపించారు. విజిటర్స్ టైము అయిపోయిందని నర్సు వచ్చి చెప్పేదాకా కూర్చున్నాను. గడియారం ఎక్కడుందో కూడా నేను చూడలేదు.

కిందికి వచ్చేసరికి సాయంత్రం మసకపడింది. కారు తీసి, గేటు వైపు తిప్పే ముందు పైకి చూశాను. నాలుగో అంతస్తులో కిటికీలన్నీ ఒకేలా వెలుగుతున్నాయి. ఆయనది ఏదో తెలియలేదు. అందుకని అన్నిటికీ కలిపి ఒక్కసారి హెడ్‌లైట్లు పెంచి తగ్గించి, రోడ్డెక్కాను.