దిగువ రేవు

నా చిన్నప్పుడు, నాకు తొమ్మిదేళ్ళు నిండే ఏడు, మా ఊళ్ళోకి మరిడి వచ్చింది. పొద్దున్న లేచి తిరిగిన మనిషి వాంతులూ విరేచనాలూ పట్టుకుని దీపాలవేళకి ఉండేవాడు కాదు. ఇప్పుడు దాన్ని కలరా అంటున్నారు. అప్పట్లో మాకు తెలిసిన మందు ఒక్కటే, అమ్మవారిని పొలిమేర దాటించడం. పసుపన్నం, వేపమండలు, గాజులు, రవికగుడ్డ ఒక గంపలో పెట్టి, డప్పులతో తీసుకెళ్ళి పక్క ఊరి పొలంలో దించి, వెనక్కి చూడకుండా వచ్చేసేవారు. ఆ ఊరివాళ్ళు దాన్ని ఇంకో ఊరికి దాటించేవారు. అందులో తప్పుందని ఎవరికీ తోచలేదు. నేనంటే పసిదాన్ని, పెద్దవాళ్ళకేమైందో నాకిప్పటికీ అర్థం కాదు.

ఆ ఏడు మా బాబాయి పోయాడు. మా నాయనమ్మకి ఆఖరి కొడుకు. ఆ ఏడుపులోనే లేచి, గంప ఎటు పంపుతున్నారని అడిగింది. దిగువ ఊరికి అన్నారు. కాలవ వెంట క్రోసు దూరంలో ఉన్న ఆ ఊళ్ళోనే మా అక్క కాపురం చేస్తోంది, ఒళ్ళో మూడు నెలల ఆడపిల్ల. నాయనమ్మ పెద్దల కాళ్ళమీద పడింది. ‘అటొద్దు బాబూ, మా పిల్ల ఉందండి అక్కడ’ అని ఒకటే మాట. కాదనలేక గంపని ఎగువ ఊరి వైపు పంపారు. ఎగువ ఊళ్ళోనూ ఎవరి పిల్లలో ఉంటారని ఆ పూట మా ఇంట్లో ఎవరమూ అనుకోలేదు.

మర్నాడు నాయనమ్మ బాబాయి బొంత, పక్కబట్టలు కాలవ రేవులో ఉతికింది. చావు మైల పారే నీళ్ళలో కొట్టుకుపోతుందని మా నమ్మకం. ఊరంతా అలాగే ఉతికేది.

అయిదారు రోజులకి దిగువ నుంచి కబురొచ్చింది, అక్క పోయిందని.

పరామర్శకి వచ్చినవాళ్ళలో లస్కరు తాత ఒకడు. కాలవ గట్లు, లాకు తలుపులు చూసుకునే సర్కారు పనివాడు కాబట్టి రోజూ గట్టు వెంట ఊళ్ళన్నీ నడిచేవాడు. వచ్చి అరుగు కింద కూర్చున్నాడు.

‘గంప ఎగువకెళ్ళిందండి అమ్మగారూ. అక్కడ ఒక్క మనిషికీ ఏం కాలేదు. చావులన్నీ కాలవ వెంట దిగువకే వెళ్తున్నాయండి. బట్టలెక్కడ ఉతికారు?’ అన్నాడు.

‘కాలవలోనే. ఇంకెక్కడ ఉతుకుతాం?’ అంది నాయనమ్మ. అంటూనే తల వాల్చేసింది. ఊరంతా ఉతికింది, మీరొక్కరే కాదని అతను ఎంత చెప్పినా ఆవిడ తలెత్తలేదు. ఆ సాయంత్రం ఆవిడ మొహం చూసి నాకు భయం వేసింది.

తెల్లవారాక నన్ను వెంటబెట్టుకుని దిగువ ఊరికి నడిచింది. అక్క కూతురు పశువుల పాకలో, గోనెపట్టా మీద ఉంది. ఏడ్చి ఏడ్చి గొంతు పోయింది. తల్లిని మింగిన పిల్ల, ఇంట్లోకి తెస్తే ఇంకెవరిని మింగుతుందోనని దాన్ని అక్కడ పడేశారు. పాలేరు భార్య చాటుగా పాలలో తడిపిన గుడ్డ నోట్లో పెట్టి పోతోందట. ఇంకో రెండు రోజులైతే పిల్ల దక్కేది కాదు.

నాయనమ్మ పిల్లని ఎత్తుకుని, వాకిలి మధ్యకి వచ్చి నిలబడింది.

‘మీ కోడల్ని ఈ పసిగుడ్డు మింగలేదమ్మా. నా కొడుకు బట్టలు కాలవలో ఉతికింది నేను. ఆ నీళ్ళే మీ రేవుకొచ్చాయి. అనాలంటే నన్ననండి.’

అన్నారు. ఇరుగూ పొరుగూ చేరి నోటికొచ్చినట్టు అన్నారు. ఆవిడ తల వంచుకుని నిలబడింది. చివరికి అక్క అత్తగారు విసురుగా వచ్చి పిల్లని లాక్కుంది. మనవరాల్ని చంపుకున్న చేతులతో మా పిల్లని ముట్టుకోవద్దని కేకలేస్తూ, దాన్ని గుండెకి హత్తుకుని ఇంట్లోకి తీసుకుపోయింది. కాసేపటికి లోపల గిన్నె చప్పుడయింది, ఎవరో మేకపాలు తెమ్మన్నారు. నాయనమ్మ అది విన్నాకే వెనక్కి తిరిగింది. దారి పొడుగునా ఏడ్చింది, కానీ నా చెయ్యి వదల్లేదు.

ఆ పిల్ల బతికింది. దాని పెళ్ళికి మమ్మల్ని పిలవలేదు. మనవరాల్ని చంపుకున్న ముసలిది అన్న పేరుతోనే మా నాయనమ్మ పోయింది. నాయనమ్మ గురించి అలా అన్న ప్రతి నోటినీ ఈడ్చి కొట్టాలనిపించేది నాకు. ఆవిడే వద్దనేది. ఆ పేరు తన మీద ఉన్నన్నాళ్ళూ పిల్ల మీదకి పోదని నమ్మింది.

ఇప్పుడు నాకూ మనవలున్నారు. ఎవరింట్లోనైనా చెడు జరిగినప్పుడు, కొత్తకోడలినో, పసిదాన్నో చూపించి నష్టజాతకం అంటుంటే నేను ఊరుకోలేను. మీరు ఏ నీళ్ళు తాగారు, అవి ఎటు నుంచి వచ్చాయి అని అడుగుతాను. అడిగినప్పుడల్లా, ఆ జవాబు మా ఇంటికే వస్తుందేమోనని భయమేస్తుంది. అయినా అడుగుతూనే ఉన్నాను.