పిన్ని చెరిపిన రాయి

మా అమ్మమ్మ ఇంట్లో పగటినిద్ర నేరం. జ్వరమొచ్చినా కూర్చునే మూలగాలి. కారణం వీధి వీధంతటికీ తెలుసు. అమ్మమ్మ వాళ్ళ నాన్న దొరల సర్వే ఓడలో సముద్రం లోతు చూసేవాడు. తాడుకి కట్టిన సీసం గుండు నీళ్ళలోకి వదలడం, ఎంత లోతుందో అరిచి చెప్పడం ఆయన పని. ఒక రాత్రి ఆయన నిద్రపోయాడనీ, ఓడ రాయికి గుద్దుకుని మునిగిందనీ కెప్టెన్ దొర సాక్ష్యం చెప్పాడు. దొరలంతా పడవలో ఒడ్డుకి చేరారు. ఆయనతో సహా కూలీల్లో ఒక్కడూ చేరలేదు. ఆ రాయికి దొర పేరు పెట్టారు. అమ్మమ్మకి "నిద్రమొహం కూతురు" అని పెట్టారు.

పిన్ని సముద్ర పటాలు దిద్దే ఆఫీసులో చేరింది. రాయి కోసమే చేరిందని మా అమ్మ అంటుంది, జీతం కోసమని పిన్ని అంటుంది. పటంలో ఆ రాయి పక్కన "సందేహం" అని ఉండేది. అయినా ఎవరూ చెరపలేదు. లేని రాయిని ఉంచితే పోయేదేం లేదు, ఉన్నదాన్ని చెరిపితే ఓడలు పోతాయి.

మొన్న కొత్త సర్వే ఓడ వెళ్ళి వచ్చింది. చెరిపెయ్యమని కాగితం పిన్ని బల్లమీదికే వచ్చింది. పిన్ని చెరపకుండా మధ్యాహ్నం ఇంటికొచ్చేసింది.

"అమ్మా, అక్కడ రాయి లేదు."

అమ్మమ్మ బట్టలు మడతపెడుతోంది. "ఎవరన్నారే?"

"శబ్దం పంపి చూశారు. చుట్టుపక్కలంతా. సముద్రం అడుగు ఎక్కడో మూడు వేల మీటర్ల కింద ఉంది."

"అయితే మా నాన్న నిద్రపోలేదు."

"పోయినా ఏం అయ్యేది కాదమ్మా. గుద్దుకోడానికి అక్కడేం లేదు."

అమ్మమ్మ పకపకా నవ్వింది. "ఇన్నేళ్ళూ కునుకు తియ్యనివ్వలేదు కదే, వెధవ రాయి! పో, పోయి చెరిపెయ్."

పిన్ని నవ్వలేదు. తనకి తట్టింది తల్లికి తట్టకముందే అక్కణ్ణుంచి వెళ్ళిపోవాలని చూసింది. అమ్మమ్మ చాప పరుచుకుంది. పట్టపగలు ఆవిడ నడుం వాల్చడం నేను అదే మొదటిసారి చూడటం.

సముద్రం తల్లి అనీ, అన్నీ కడుపులో దాచుకుంటుందనీ రాసేవాళ్ళంటే నాకు చిరాకు. సముద్రం ఏం దాచలేదు. అడిగినవాళ్ళు లేరు, అంతే.

పిన్ని ఆఫీసుకెళ్ళి చెరిపింది. రాయి ఉన్నచోట చుట్టూ ఉన్న నీలమే మిగిలింది. సాయంత్రం తిరిగొచ్చేసరికి అమ్మమ్మ చాపమీదే ఉంది, కళ్ళు తెరుచుకునే.

"ఏమే, రాయి లేకపోతే మరి ఆ దొర కూలీలందర్నీ ఏం చేశాడే?"