కొట్టేసిన చుక్కలు

ఆదోనిలో గులాం మొహిద్దీన్ పేరెత్తితే తెలిసినవాళ్లు ముందు చెప్పేది ఆయన కోపం గురించే. మార్కెట్ యార్డు దారిలోని ప్రెస్సులో ముప్పై ఆరేళ్లు ప్రూఫులు దిద్దాడు. పెళ్లిపత్రికలో ఒక ఒత్తు పోతే పెళ్లివాళ్ల కన్నా ముందు ఈయనకు కడుపు మండేది. హోటలు బోర్డయినా, గోడ మీది పోస్టరయినా, ఎవరో పోయారని వీధిలో కట్టిన బ్యానరయినా సరే, నిలబడి చదివి తప్పు పట్టాకే కదిలేవాడు. “సచ్చిపోయినోళ్లనన్నా వదిలిపెట్టు” అని భార్య సైదా బీ నెత్తి కొట్టుకునేది.

ఈ తెగులు ఊరికే అంటుకోలేదు. ఆయన పుట్టింది హాలహర్వి పక్కన ఒక పల్లెలో. ఇంట్లో ఉర్దూ, వీధిలో కన్నడం, బడిలో తెలుగు. ఐదో తరగతిలో ఒకనాడు లేచి, కళ్ళు నొప్పిగా ఉన్నాయి అని చెప్పబోయి “కల్లు నొప్పిగా ఉంది అయ్యవారూ” అన్నాడు. అయ్యవారు పొట్ట పట్టుకుని నవ్వాడు. “ఇదిరా సాయిబు తెలుగంటే” అన్నాడు. తరగతంతా నవ్వింది. పదేళ్లవాడికి తల కొట్టేసినట్టయింది. ఆ రోజునుంచి తెలుగు మీద పగబట్టినట్టు చదివాడు. పెద్దబాలశిక్ష దగ్గర మొదలుపెట్టి నిఘంటువుల దాకా పోయాడు. ఏ నోరూ మళ్లీ ఆ మాట అనకూడదన్నది ఒక్కటే ఆయన పట్టుదల.

అనలేదు కూడా. కర్నూలునుంచి వచ్చే లెక్చరర్లు సైతం “మొహిద్దీన్ చూశాడంటే ఇక చూడక్కర్లేదు” అనేవారు. ఆ మాట విన్న రోజు ఆయన ఇంటికి మిఠాయి పొట్లంతో పోయేవాడు.

అలాంటి మనిషి దగ్గరికి రెండువేల మూడులో ఎమ్మిగనూరునుంచి గోవిందయ్య వచ్చాడు. గుంతమగ్గం మీద బతికే నేతగాడు, నోట్లో నాలుక లేని మనిషి. సంచిలోంచి పెద్ద నోటుబుక్కు తీసి బల్ల మీద పెట్టి, దాని మీదినుంచి చెయ్యి తియ్యలేదు.

“పుస్తకం రాసినాను సాయిబన్నా. సుక్కల మీద.”

“జాతకాలా?” అన్నాడు మొహిద్దీన్ విసుగ్గా.

“కాదన్నా. సైన్సు.”

గోవిందయ్యకు ఆకాశం పిచ్చి. ఎమ్మిగనూరు లైబ్రరీలో ఖగోళం మీద పదో పన్నెండో పుస్తకాలుంటే అన్నీ తిరగేసి మరగేసి చదివాడు. చంద్రుడి మీద దిగిన మనుషులు, శనిగ్రహం వలయాలు, తోకచుక్కలు, అంతరిక్షంలోకి పంపిన నౌకలు, ఏది అడిగినా మగ్గం ఆపకుండానే చెప్పేవాడు. ఆయన అసంతృప్తి ఒక్కటే. “ఆ పుస్తకాల్లో ఆకాశమంతా ఉందన్నా. మా వీధి మీద కనపడే ఆకాశం లేదు” అన్నాడు.

నేతగాళ్ల వీధికీ ఆకాశానికీ ఏం సంబంధమంటే, పడుగు. మగ్గానికి ఎక్కించబోయే నిలువు దారాలన్నిటినీ వీధి పొడవునా సాచి గంజి పట్టించాలి. ఎండెక్కితే దారం పెళుసెక్కుతుంది. అందుకని వేకువనే లేవాలి. గడియారాలు లేని రోజుల్లో ఎప్పుడు లేవాలో చెప్పింది చుక్కలే. ఆ చుక్కలకు వాళ్లు పెట్టుకున్న పేర్లు వేరే ఉన్నాయి. గోవిందయ్య తల్లి మహాదేవమ్మకు సంతకం రాదు గానీ ఆ పేర్లన్నీ వచ్చు. కొడుకు ఆమెనూ వీధిలోని ముసలమ్మలనూ కూర్చోబెట్టి ఒక్కొక్క పేరే రాసుకున్నాడు. మీ మాటలు అచ్చులో చూపిస్తానని అందరికీ చెప్పాడు. నోటుబుక్కులో ప్రతి పాఠానికీ చుక్కకు వాళ్లు పెట్టిన పేరే తల, దాని కింద సైన్సు.

సైన్సు చక్కగా రాశాడు. పిల్లలకోడి అనే చుక్కల గుంపు వెలుగు మనల్ని చేరడానికి నాలుగు వందల నలభై ఏళ్లు పడుతుందని చెప్పి, “ఈ రోజు మన కంటిలో పడిన వెలుగు, ఆదోని కోట విజయనగరం రాయల చేతిలో ఉన్నప్పుడు బయల్దేరింది” అని రాశాడు. ఆ వాక్యం దగ్గర మొహిద్దీన్ కలం ఆగింది. నిజంగా ముచ్చట పడ్డాడు. ఇంత మంచి పుస్తకానికి ఈ మోటు పేర్లేమిటని బాధపడ్డాడు. బాధపడి ఊరుకుంటే బాగుండేది. ఎర్ర పెన్ను తీశాడు.

పిల్లలకోడి పోయి కృత్తిక వచ్చింది. మంచంకోళ్లు సప్తర్షి మండలమయ్యాయి. పాలపుంతను ఆ వీధివాళ్లు గంజిపడుగు అంటారట, దాన్నీ కొట్టేశాడు. ‘సుక్క’ కనబడిన ప్రతిచోటా ‘నక్షత్రం’ అని దిద్దాడు. మూడు వారాలు కళ్లలో ఒత్తులేసుకుని చేశాడు ఈ నిర్వాకం.

ప్రూఫు చూడటానికి వచ్చిన గోవిందయ్య ఎర్ర గీతల మీద ఒక్కొక్కటిగా వేలు పెట్టుకుంటూ పోయాడు.

“ఇయి మా యమ్మ సెప్పిన మాటలన్నా. ఉంటే తప్పా?”

“పుస్తకమంటే పుస్తకం మాదిరి ఉండల్ల గోవిందన్నా. రేపు కర్నూల్లో సదివినోళ్లు నవ్వరా? నిన్ను కాదు, నన్ను అంటారు. సాయిబు దిద్దిన తెలుగు ఇట్లే ఉంటాదని అంటారు.”

గోవిందయ్య తల ఊపాడు. ఒక పేజీలో కొట్టేసిన మాట కింద వరసగా ఉన్న చుక్కలు చూపించి ఇవేమిటని అడిగాడు.

“అది మా గుర్తు. పొరపాటున మంచి మాట కొట్టేస్తే దాని కింద సుక్కలు పెడతాం. కొట్టెయ్యొద్దు, ఉండనీ అని అర్థం.”

గోవిందయ్య నవ్వాడు. “అట్లయితే మా యమ్మ మాటల కింద కూడా నాలుగు సుక్కలు పెట్టన్నా.”

తమాషాకు అన్నట్టే అన్నాడు. మొహిద్దీన్ కూడా నవ్వేసి పేజీ తిప్పాడు. “మీరు సదువుకున్నోళ్లు, మీ ఇష్టం” అని గోవిందయ్య బస్సుకు వెళ్లిపోయాడు.

పుస్తకం అచ్చయింది. రెండో పేజీలో కింద ‘ప్రూఫులు: గులాం మొహిద్దీన్, ఆదోని’ అని పడింది. జీవితంలో ఆయన పేరు అచ్చులో పడటం అదొక్కసారే. ఇంటికి వచ్చినవాళ్లందరికీ ఆ పేజీ తెరిచి చూపించేవాడు. గోవిందయ్య మాత్రం కట్టలు తీసుకుపోయినవాడు మళ్లీ రాలేదు. ఇంకో పుస్తకం రాస్తానన్నాడే అని అప్పుడప్పుడు అనుకుని మొహిద్దీన్ మరిచిపోయాడు.

ఇరవై రెండేళ్లు గడిచాక, మొన్న శ్రావణంలో ఒక మధ్యాహ్నం, ఒకామె ఆ పుస్తకం చేత పట్టుకుని ఇంటికొచ్చింది. గోవిందయ్య కూతురు కృష్ణకుమారి. గూడూరులో టీచరు. తండ్రి పోయి ఐదేళ్లయిందట. ఆయన పుస్తకాన్ని మళ్లీ అచ్చు వేయిద్దామని కంప్యూటరులో కొట్టించి, ఆ కాగితాలు కూడా తెచ్చింది. మొహిద్దీన్ మురిసిపోయి రెండో పేజీ తెరవబోయాడు.

“సార్, మీరేమీ అనుకోకపోతే ఒక మాట. మా నాయన రాసింది ఇది కాదు.”

సైదా బీ టీ గ్లాసుతో గుమ్మంలోనే ఆగిపోయింది.

“పుస్తకం వచ్చిన రోజు మా యవ్వ వీధిలో ఆడోళ్లనంతా పిలిచింది సార్. మా నాయన సదివినాడు. అగస్త్య నక్షత్రం అని సదివితే, అది ఎవరిదిరా అనింది మా యవ్వ. నీ సుక్కనేమ్మా, నువ్వు చూసి పడుగుకు లేసేదే అన్నాడు. నా సుక్క పేరు అది కాదు గదరా అని పుస్తకమంతా ఎతికిచ్చింది. యాడా లేదు. అందరూ లేసి పోయినారు.” కృష్ణకుమారి పుస్తకం మూసింది. “ఆ దినం నుంచి మా నాయన కాగితం మీద పెన్ను పెట్టలేదు.”

“నన్ను తిట్టినాడా?”

“లేదు సార్. సాయిబన్న శానా కష్టపడినాడు, వెతికినా ఒక తప్పు లేదు అనేవాడు.”

తిట్టి ఉంటే ఎంత బాగుండేది! ఆ మాట విన్నాక ముసలాయన తల ఎత్తలేదు.

ఆమె వచ్చిన పని వేరే. నోటుబుక్కు కావాలి. ఆ పేర్లతో మళ్లీ వెయ్యాలి. ఎమ్మిగనూరులో ఇప్పుడు పడుగులు వీధిలో సాచేవాళ్లు లేరు, చెప్పగల ముసలమ్మలు అవ్వతో సహా ఒక్కరొక్కరే పోయారు. నాయన పేర్లు రాసుకునేనాటికి తను హాస్టల్లో ఉంది. అవ్వ తన చుక్క పేరు ఎన్నిసార్లు చెప్పిందో, తను ఎన్నిసార్లు సరేలే అని విననట్టు ఊరుకుందో.

“అచ్చయినాక చేతిరాత కాపీతో ఏం పనమ్మా,” అన్నాడు మొహిద్దీన్ మెల్లగా. “రద్దు కాగితాల్లో కలిపి బజ్జీల బండికి ఇచ్చేసినాం. నా చేత్తోనే ఇచ్చినాను.”

ఆమె కంప్యూటరు కాగితాలు ఆయన ముందుకు జరిపింది. “ఆ నోటుబుక్కు పూర్తిగా సదివినోళ్లలో మిగిలింది మీరొక్కరే సార్. గుర్తొచ్చినన్ని రాసియ్యండి. ఏది మరిచిపోయినా, మా యవ్వ సుక్కను మాత్రం మరిచిపోవద్దు.”

వారం గడువు అడిగాడు. ఆ వారం రోజులూ ఇంట్లో ఆయన నోటివెంట వేరే మాట రాలేదు. తనే దిద్దిన పేర్లను తనే కొట్టేస్తూ కూర్చున్నాడు. కృత్తిక కొట్టేసి పిల్లలకోడి. సప్తర్షి మండలం కొట్టేసి మంచంకోళ్లు. అన్నం తింటూ లేచిపోయి గంజిపడుగు రాసి వచ్చాడు. గొల్లకావిడి, నాడెచుక్క, తెగినపోగు, ఒక్కొక్కటే వచ్చాయి. అప్పట్లో మోటుగా ఉన్నాయని నవ్వుకున్నవే ముందు గుర్తొచ్చాయి. నవ్వినందుకైనా ఫలితం దక్కింది అనుకుని ఏడ్చినంత పని చేశాడు.

అగస్త్య నక్షత్రం దగ్గర ఆగిపోయాడు. ఆ పేజీ అంతా కళ్ల ముందు ఉంది. శ్రావణంలో వేకువన దక్షిణాన మిద్దెల పైన కొంచెంగా లేస్తుంది, ఎప్పుడూ నడినెత్తికి రాదు అని గోవిందయ్య రాసిన వాక్యం ఉంది. ఆ పాఠం తలమీది మాట చూసి “ఇదేం కూత” అని తను అన్నది కూడా గుర్తుంది. కోపం కొద్దీ దాని మీద ఒక గీత చాలక రెండు గీతలు కొట్టాడు. ఆ రెండు గీతల కింద ఏముందో మాత్రం గుర్తుకు రావడం లేదు.

“దక్షిణాన ఉండే సుక్క, పొట్టిగా ఉండే పేరు” అని సైదా బీని అడిగాడు. ప్రెస్సులో అప్పుడు పనిచేసిన దుర్గప్పకు ఫోను చేశాడు. చిప్పగిరి గొర్రెలవాళ్లను సంతలో పట్టుకుని అడిగాడు. వాళ్లకు వాళ్ల పేరొకటి ఉంది, అది ఇది కాదు. ఏదో ఒక పేరు అల్లేసి రాసేయొచ్చు, ఎవరు కనిపెడతారు? ఆ ఆలోచన వచ్చినందుకే తనను తాను తిట్టుకున్నాడు. ఒకసారి మహాదేవమ్మ మాట తీసేసి తన మాట పెట్టింది చాలు.

ఆదివారం కృష్ణకుమారి వచ్చింది. కాగితాలు తిప్పుతూ ఉంటే ఆమె ముఖం వెలిగింది. “గంజిపడుగు” అని పైకి చదివి, “అవును సార్, ఇదే, ఇదే అనేది” అంది. అగస్త్య నక్షత్రం పేజీ వచ్చింది. ఆ పేరు కొట్టేసి ఉంది. పక్కన ఖాళీ. ఆ ఖాళీ కింద ఎర్ర సిరాతో వరసగా చుక్కలు.

“ఈడ మాట లేదు గద సార్. సుక్కలెందుకు?”

“ఆ గుర్తుకు కొట్టెయ్యొద్దు, ఉండనీ అని అర్థం తల్లీ. మీ నాయన ఆ పొద్దు పెట్టమని అడిగినాడు. నేను పెట్టలేదు.” ఆయన అద్దాలు తీసి బల్ల మీద పెట్టాడు. “ఎంత గుంజినా రాలేదమ్మా. మీ యవ్వ మాట నాతోనే పోయింది. ఇట్లే ఖాళీగా వెయ్యి. రెండో పేజీలో నా పేరు కొట్టేసినాను, అది మాత్రం తీసెయ్యి.”

కృష్ణకుమారి ఆ ఖాళీ మీద ఒకసారి చెయ్యి పెట్టింది. తర్వాత రెండో పేజీ తీసింది. బల్ల మీది ఎర్ర పెన్ను అందుకుని, ఆయన పేరు కింద ఒకదాని పక్కన ఒకటి చుక్కలు పెట్టింది. కాగితాలు సర్దుకుని, టీ తాగి, ఎమ్మిగనూరు బస్సుకు టైమవుతోందని లేచింది.

ఆ ఒక్క పేజీ ఆయన చేతిలో పెట్టి పోయింది. మొహిద్దీన్ అద్దాలు తుడుచుకుని చూసుకున్నాడు. తన పేరు మీద ఒక్క గీతే కొట్టాడు. ఆ గీత కింద అక్షరాలన్నీ స్పష్టంగా కనబడుతూనే ఉన్నాయి.