లచ్చవ్వ పేరు కింద పడిన వేలిముద్ర

దయ్యాలంటే నాకు నవ్వు. మా మెట్టపొలం, అదే చెలక, శ్మశానం పక్కనే, చిన్నప్పుడు గొడ్లను అక్కడే కాసేవాణ్ణి. పైగా ఇరవై ఏళ్లు దస్తావేజులు రాసి బతికాను. మనుషులు చేసే మోసాలన్నీ చూసినవాడికి దయ్యం ఏం లెక్క? అందుకే ఈ సంగతి చెబితే నన్ను చూసే నవ్వుతారని ఇన్నాళ్లూ నోరు విప్పలేదు.

ఇది ఎనభైల్లో జరిగింది. పెద్దపల్లి అవతల ఒక రిజిస్ట్రేషన్ ఆఫీసు ముందు, రేకుల పందిరి కింద నా బల్ల ఉండేది. ఊరి పేరు అడగకండి. భూమి అమ్మకం రిజిస్టరు కావాలంటే స్టాంపు కాగితం ఒక్కటే చాలదు. అమ్మేవాళ్లు స్వయంగా ఆఫీసరు ముందు నిలబడాలి. వాళ్లు ఫలానావాళ్లేనని, ఎరిగినవాళ్లు ఇద్దరు సంతకం పెట్టాలి. పల్లెల నుంచి వచ్చినవాళ్లకు అప్పటికప్పుడు ఎరిగినవాళ్లు ఎక్కడ దొరుకుతారు? ఆ సంతకాలు దస్తావేజు రైటర్లం మేమే పెట్టేవాళ్లం. ముఖమైనా చూడకుండా, బాగా తెలుసని గీకేయడం మాకు బీడీ కాల్చినంత అలవాటు.

ఒకరోజు మధ్యాహ్నం మల్లయ్య అనే రైతు ఒక ఆడమనిషిని వెంటబెట్టుకొని వచ్చాడు.

"నా చెల్లె లచ్చవ్వ. బెల్లంపల్లిల ఉంటది. అవ్వ దీని పేర రాసిన రెండెకరాలు నాకే అమ్ముతాంది. జర జల్ది కానియ్యి రైటరన్నా" అన్నాడు.

ఆమె తలెత్తలేదు, కొంగు ముఖం మీదికి లాక్కుంది. నాకు అనుమానం రాలేదని చెప్పను. వచ్చింది, పక్కకు నెట్టేశాను. దస్తావేజు రాసి, ఆమెను ఎరిగిన సాక్షిగా నేనే మొదటి సంతకం పెట్టాను.

లోపల గుమాస్తా ఆమె ఎడమ బొటనవేలికి సిరా పూసి, తనే పట్టుకొని రిజిస్టరులో ఒత్తాడు. ముద్రలో ఏటవాలుగా ఒక తెల్లటి గీత పడింది. వేలికి లోతైన గాటు ఉంటే పడే గీత అది.

"ఏందమ్మా, వేలు తెగిందా?" అంటూ గుమాస్తా సిరా తుడిచి చూశాడు. వేలు నున్నగా ఉంది. పక్కన మళ్లీ ఒత్తాడు. మళ్లీ అదే గీత.

"సిరా ఖరాబైనట్టుంది" అని గొణుక్కుంటూ దస్తావేజు మీద కూడా ముద్ర వేయించాడు. అక్కడా గీత పడింది.

నేను ఎడమచేయి పిడికిలి బిగించి వెనక్కి దాచుకున్నాను. ఆ గీత నాది. పదేళ్లప్పుడు గడ్డి కోస్తుంటే కొడవలి తగిలి నా బొటనవేలికి పడిన గాటు. చివరన చిన్న వంపుతో సహా అదే. నేను సిరా ముట్టలేదు. గుమాస్తా బల్లకు రెండడుగుల దూరంలో ఉన్నాను.

ఇంటికి పోయి, తలుపేసుకొని, తెల్లకాగితం మీద నా వేలు ఒత్తి చూసుకున్నాను. తేడా లేదు. ఆ కాగితం పొయ్యిలో పెట్టాను.

రెండు వారాలకు నా బల్ల ముందుకు ఇంకో ఆడమనిషి వచ్చింది. వెంట చంకలో కర్ర పెట్టుకున్న మొగుడు. బొగ్గుబాయిలో కప్పు కూలి కాలు పోయినవాడు.

"లచ్చవ్వను నేను" అంది. "భూమి లెక్క రాసే పహాణీ కాయితం కోసం పోతే, భూమి అమ్ముకున్నవు గదా అంటుండ్రు. ఈయన పని పోయినంక మాకున్నయి గా రెండెకరాలే. నన్ను ఎరుగుదువని నువ్వే దస్కతు పెట్టినవంట. నన్ను ఎప్పుడు చూసినవో చెప్పు అన్నా."

గొంతు పెంచలేదు. తిట్టినా బాగుండేది.

నేను దాటవేయగలిగేవాణ్ణే. కానీ ఆ ముద్ర కళ్ల ముందు నుంచి పోవడం లేదు. ఆమెతోపాటు ఆఫీసరు దగ్గరికి పోయి, తర్వాత కోర్టులోనూ, నేను ఈమెను ఎన్నడూ చూడలేదని ఒప్పుకున్నాను. నా బల్ల పోయింది, శిక్ష పడింది. లచ్చవ్వ భూమి లచ్చవ్వకు వచ్చింది.

రిజిస్టరులోని ముద్ర నాదేనని కూడా చెప్పాను. నా వేలిముద్ర తీసుకున్నారు. నున్నగా పడింది. మూడుసార్లు ఒత్తినా గీత లేదు. వీడికి మతి పోయింది అన్నట్టు చూశారు.

గాటు నా వేలి మీద ఇప్పటికీ ఉంది, తడిమితే తగులుతుంది. ఒత్తితే మాత్రం కాగితం మీద పడదు. అది ఆ రిజిస్టరులో, లచ్చవ్వ పేరు కిందే ఉండిపోయింది. ఫలానా మనిషిని ఎరుగుదువా అని ఎవరైనా అడిగితే చాలు, ఎదురింటివాడి గురించైనా సరే, ఔననే ముందు నా ఎడమచేయి పిడికిలి బిగుసుకుంటుంది.