చిరోటీ గుట్టు కోసం ఆదిలాబాద్‌కు

మా అక్క నా భార్యకు చిరోటీలు నేర్పినప్పుడు ఒక మెట్టు చెప్పకుండా దాచిందని ముప్పై ఏళ్లుగా నా అనుమానం. ఈసారి దీపావళికి నాలుగు రోజుల ముందు నేను కరీంనగర్ నుంచి ఆదిలాబాద్ దారి పట్టింది ఆ మెట్టు పట్టుకోవడానికే. ఆదిలాబాద్ గురించి రాసేవాళ్లందరూ జలపాతాల ముందు నిలబడి ఫోటోలు దిగి వచ్చేస్తారు. ఒకాయన అక్కడి మిఠాయిల మీద వీడియో చేసి, చిరోటీ పొరలు విచ్చుకునేది వంటసోడా వల్లనే అని చెప్పాడు. చిరోటీలో సోడా వేయరు. నలభై ఏళ్లు లైబ్రేరియన్‌గా బతికినవాణ్ణి, తప్పు పుస్తకంలో ఉన్నా ఫోన్‌లో ఉన్నా సహించలేను. ఆ దారిన వెళ్లాలనుకునేవాళ్లకు పనికొస్తుందని చూసింది చూసినట్టు రాస్తున్నాను.

చిరోటీ తెలియనివాళ్లకు రెండు మాటలు. మైదా చపాతీలు మూడు పల్చగా ఒత్తి, నెయ్యీ బియ్యప్పిండీ కలిపి గిలకొట్టిన ముద్దను ఒక్కోదాని మీద పూసి, ఒకదాని మీద ఒకటి పేర్చి, చాపలా చుట్టి, ముక్కలు కోసి, మళ్లీ తేలిగ్గా ఒత్తి నెయ్యిలో వేయిస్తారు. ఆ పూతను సాటా అంటారు. కుదిరితే పొరలన్నీ పువ్వులా విడిపోతాయి, పైన చక్కెర పొడి చల్లుతారు. మరాఠీ ఇళ్ల పండుగ వంట ఇది. ఆదిలాబాద్ కోడలైన మా సుగుణక్కకు వాళ్ల అత్త నేర్పింది. అక్క నా భార్య భారతికి నేర్పింది. దీపావళికి రెండు ఇళ్లవాళ్లం ఒక ఏడాది అక్కడ, ఒక ఏడాది ఇక్కడ కలుస్తాం. రెండు పళ్లాల చిరోటీలు పక్కపక్కన పెడతారు. అక్కవి విచ్చుకునేవి. భారతివి ఒక్క ఏడు కూడా విచ్చుకోలేదు, గట్టిగా, బల్లపరుపుగా ఉండేవి. మా బావ పళ్లెం చూసి, "చెల్లె, కరీంనగర్ బిస్కట్లు తెచ్చినవా?" అనేవాడు. అందరూ నవ్వేవాళ్లు. భారతి కూడా నవ్వేది. నేను నవ్వలేదు. అవే పాళ్లు, అవే పిండి, అంతకంటే శుభ్రమైన చేయి. చెప్పినవాళ్లు ఏదో మింగితే తప్ప అలా ఎందుకు జరుగుతుంది?

భారతి పోయి రెండేళ్లు. ఈ ఏడు కలయిక మా ఇంట్లో. అక్క ఫోన్ చేసి, చిరోటీల గురించి ఫికర్ చేయవద్దనీ తానే చేసి తెస్తాననీ చెప్పింది. ఆ మాటలో నాకు పాత పళ్లెమే కనిపించింది. మా ఇంటి చిరోటీలు మా ఇంట్లోనే అవుతాయి, నేనే చేస్తాను, నువ్వు చేస్తుంటే వచ్చి చూస్తాను అన్నాను. "రా" అంది, అంతే. ఆ పొడి మాటను గుర్తుపెట్టుకున్నాను.

పొద్దున ఆరున్నరకు కరీంనగర్ బస్టాండ్ చేరాను. నేరుగా ఆదిలాబాద్ వెళ్లే బస్సులు తక్కువ. విచారణ కిటికీలో మనిషి ఏడింటికి ఒకటి ఉందన్నాడు, పక్కన టీ అమ్మే ఆయన లేదన్నాడు. టీ ఆయన చెప్పిందే నిజమైంది. నిర్మల్ బస్సెక్కి అక్కడ మారడమే నయం, రెండు టికెట్లు కలిపి మూడు వందలు దాటాయి. జగిత్యాల, కోరుట్ల, మెట్‌పల్లి, ఆర్మూర్ మీదుగా బస్సు పోతుంది. ఎడమవైపు కిటికీ దొరికితే తీసుకోండి, పొద్దున ఎండ తగలదు. మెట్‌పల్లిలో పది నిమిషాలు ఆపుతామని చెప్పి పావుగంట ఆపారు. ఇడ్లీ తినవచ్చు, చట్నీని నేను నమ్మలేదు.

నా సంచిలో భారతి వంటల నోట్‌బుక్ ఉంది. దారి పొడవునా చిరోటీల పేజీ మళ్లీ మళ్లీ చదివాను. పిండి ఎంత, రవ్వ ఎంత, కాచిన నెయ్యి ఎంత, ఎంతసేపు నానాలి, సాటా చుక్క నీళ్లలో వేస్తే తేలాలి, ముక్కను ఒకే దిక్కుకు ఒత్తాలి, సన్నమంట. అన్నిటికంటే కింద, వేరే పెన్నుతో, "ఆయన బయటికి పోయినంక కాల్చాలె" అని ఉంది. పండుగ పనుల్లో వేళలు రాసుకోవడం ఆమెకు అలవాటు, ఆ ముక్క వంటలోకి జారిందనుకుని దాటేశాను. మిగిలినవాటికి నంబర్లు వేశాను, పదకొండు మెట్లు వచ్చాయి. అక్క దగ్గర పన్నెండోది ఉండాలి.

సోన్ దగ్గర గోదావరి వంతెన దాటి నిర్మల్ చేరేసరికి పదిన్నర దాటింది. అక్కడి నుంచి ఘాట్ ఎక్కి ఇచ్చోడ మీదుగా ఆదిలాబాద్‌కు ఇంకో గంటన్నర పైనే. ఘాట్ మీద చలిగాలి కొడుతుంది, వయసైనవాళ్లు మఫ్లర్ పెట్టుకోండి. రోడ్డు మీద పత్తి లారీలు దాటనివ్వవు. పన్నెండున్నరకు బస్టాండ్‌లో దిగి ఆటో మాట్లాడుకున్నాను. వంద అడిగాడు, అరవైకి ఒప్పుకున్నాడు. అంత తొందరగా ఒప్పుకున్నాడంటే నలభై చాలేమో. నడివయసు ముస్లిం డ్రైవర్, మాటకారి. దీపావళికి బిడ్డ ఇంటికా అని అడిగితే అక్క దగ్గరికి మిఠాయి నేర్చుకోవడానికన్నాను. ఫోన్‌లో అడిగితే చెప్పేది కదా అన్నాడు. ఫోన్‌లో చెప్పేది వేరు, చేతితో చేసేది వేరు అన్నాను. ఆ మాటకు ఆటో నెమ్మది చేశాడు.

"మా ఇంట్ల గిదే లొల్లి చాచా. మా అమ్మీ డబుల్ కా మీఠా మా బేగంకు నేర్పింది. ఒకటి తక్కువ చెప్పిందని బేగం అంటది. అన్ని చెప్పిన, దాని చేతిల జోర్ లేదని అమ్మీ అంటది."

"నువ్వేమంటవు?"

"నేను రెండు దిక్కులా తింట. నోరు మూసుకుంట."

అక్క ఇంటి సందు మొదట్లో కిరాణా దుకాణం దగ్గరే ఆటో ఆపించాను. అక్క వాడే సరుకులు వేరేవి అయివుండొచ్చు, ముందు అవి తెలియాలి. దుకాణదారు మరాఠాయన, పండుగ బేరంలో ఉన్నాడు. సుగుణాబాయి చిరోటీలకు ఏమేం కొంటుంది, నెయ్యిలో వనస్పతి కలుపుతుందా, తయారైనవి ఎక్కడైనా కొంటుందా అని అడిగాను. ఆయన తక్కెడ ఆపి నన్ను కిందికీ మీదికీ చూశాడు.

"కాకా, మీరు ఫుడ్ ఇన్‌స్పెక్టరా?"

తమ్ముణ్ణన్నాను. అది ఇంకా అధ్వానం అన్నట్టు ముఖం పెట్టి, మైదా, రవ్వ, బియ్యప్పిండి, నెయ్యి, ఇరవై ఏళ్లుగా అవే, ఇంకేమీ లేవన్నాడు. అవే నాలుగూ నేను వేరుగా కొన్నాను. ఆమె డబ్బాల్లో ఏముందో ఎవరికి తెలుసు?

అక్కకు డెబ్బై ఆరేళ్లు, మోకాళ్లు నొప్పులు, నాలుక మాత్రం బాగుంది. నా చేతిలో పొట్లాలు చూసి, మా ఇంట్ల పిండి లేదనుకున్నవా తమ్మీ అంది. అన్నం పెట్టింది. బావ పేపర్ వెనక నుంచి కుశలం అడిగాడు, బిస్కట్ల మాట ఎత్తలేదు. రెండున్నరకు వంటింట్లో కూర్చున్నాం. నేను స్టూలు వేసుకుని నోట్‌బుక్ ఒళ్లో పెట్టుకున్నాను. నేను తెచ్చిన సరుకులతోనే చేయమన్నాను, చేసింది.

ఒక్కో మెట్టు దగ్గర పెన్నుతో టిక్కు పెట్టాను. పిండి కలిపింది, అవే పాళ్లు. తడి బట్ట కప్పి పక్క గదిలోకి తీసుకెళ్లింది. నేనూ లేచి వెళ్లాను. ఫ్యాన్ గాలి తగలకుండా బల్ల కింద పెట్టింది, అంతే. సాటా గిలకొట్టి నీళ్ల గిన్నెలో చుక్క వేసింది, తేలింది. పేర్చింది, చుట్టింది, కోసింది, ఒకే దిక్కుకు ఒత్తింది. తొమ్మిది మెట్లు, తొమ్మిది టిక్కులు. ఎక్కడా తేడా లేదు. నాకు సంతోషంగా లేదు. తేడా లేకపోతే బావ నవ్వు న్యాయమైపోతుంది, భారతి చేతిలోనే లోపం ఉన్నట్టవుతుంది. నేను వచ్చింది అది రాసుకుపోవడానికి కాదు.

అక్క బాణలిలో నెయ్యి పెట్టి మంట బాగా తగ్గించి నాలుగు ముక్కలు వదిలింది. అవి అడుగున పడుకున్నాయి. చిన్న గరిటెతో వేడి నెయ్యి తీసి వాటి మీద పోస్తూ కూర్చుంది. రెండు నిమిషాలైంది, మూడైంది, ఏమీ కాలేదు. నాలుగు ముక్కలకు ఇంతసేపా? గ్యాస్ అయిపోతుంది, నెయ్యి పీల్చుకుంటుంది. ఆ మాటలంటూనే నేను లేచి, మంట పెంచడానికి స్టవ్ నాబ్ మీద చేయి వేశాను. గరిటె కాడ నా వేళ్ల మీద పడింది. గట్టిగానే పడింది.

"గిదే తమ్మీ. గిదే నేను దాచింది."

అర్థం కాలేదన్నాను.

"ప్రతి దీపావళికి నువ్వు వంటింట్లకొచ్చి మంట పెంచుతవట. చుట్టాలొచ్చిండ్రు, బస్సు పోతది, ఎంతసేపు అనుకుంట. నువ్వు అటు పోంగనే అది తగ్గిస్తదట, నువ్వు మల్లొచ్చి పెంచుతవట. మంట పెద్దగైతే పైపొర బిగుస్తది, లోపలియి విడవయి. మొదటేడే చెప్పింది నాకు. తమ్మునికి చెప్త అన్న. వద్దన్నది. అందరి ముందట ఆయన చిన్నబోతడు వదినె, నవ్వితే నన్ను చూసి నవ్వనియ్యి అన్నది."

అక్క కట్టుకథ చెబుతోందనుకున్నాను. చనిపోయిన మనిషిని సాక్షిగా తేవడం సులువు. నువ్వే మింగి ఇప్పుడు నా మీద వేస్తున్నావు అన్నాను కూడా. ఆమె నెయ్యి పోస్తూనే ఉంది. నేను తప్పు పట్టుకోవడానికి నోట్‌బుక్ తీశాను. పదో మెట్టు సన్నమంట. దాని కింద రెండు గీతలు ఉన్నాయి. పదకొండోది చక్కెర చల్లడం. అన్నిటికంటే కింద, వేరే పెన్నుతో, ఆయన బయటికి పోయినంక కాల్చాలె.

అది పనుల వేళ కాదు. అది పన్నెండో మెట్టు. ఆమె రాసుకుంది, కానీ ఒక్క ఏడు కూడా దాన్ని పాటించలేకపోయింది, ఎందుకంటే దీపావళి నాడు లైబ్రరీకి సెలవు. నేను ఎక్కడికీ పోను.

బాణలిలో ముక్కలు పైకి తేలి, అంచు నుంచి ఒక్కో పొర విడుస్తున్నాయి. అక్క తీసి పళ్లెంలో పెట్టి ఒకటి నా చేతికిచ్చింది. వేడిగా ఉందని చెప్పి కింద పెట్టాను.

మర్నాడు పొద్దున ఎనిమిదింటికి తిరుగు బస్సు దొరికింది, రెండున్నరకల్లా ఇల్లు చేరాను. దీపావళి నాడు అక్కా బావా వచ్చారు. మధ్యాహ్నం అక్కా నేనూ కలిసి ముక్కలన్నీ కోసి ఒత్తాం. ఆమె భారతి నోట్‌బుక్ అలమరాకు ఆనించి తెరిచిపెట్టి, స్టవ్ వెలిగించి, నా వైపు చూసింది. నేను చెప్పులేసుకున్నాను. లైబ్రరీ దాకా నడిచి, మూసిన గేటు ఎదురుగా టీ కొట్టు బల్ల మీద గంటన్నర కూర్చున్నాను. రెండుసార్లు ఇంటివైపు లేచాను, రెండుసార్లూ కూర్చున్నాను. తిరిగొచ్చేసరికి పళ్లెం నిండా చిరోటీలు, అన్నీ విచ్చుకున్నవే. బావ ఒకటి తీసుకుని వెలుతురుకు పట్టి చూశాడు. ఆ బిస్కట్ల మాటకు ముప్పై ఏళ్లుగా నా దగ్గర ఒక జవాబు సిద్ధంగా ఉంది. ఆయన అడిగింది వేరు.

"గివి మనింటియా, గీ ఇంటియా?"

"గీ ఇంటియే," అంది అక్క. "పుస్తకంల రాసినట్టే చేసిన."

బావ ఇంకొకటి తీసుకున్నాడు.

అక్క మీద నా ఫిర్యాదు తీరలేదు, అది వేరే ఫిర్యాదుగా మారింది. దాచిందన్నది నిజమేనని తేలింది కదా. భారతికి మాట ఇచ్చినా సరే, ఆ మొదటి ఏడే నా వేళ్ల మీద గరిటె వేసి ఉండాల్సింది. ఇన్ని పుస్తకాలు చదివిన నేను ఒక్క వంట పేజీలో చివరి వాక్యం వంట కాదనుకుని దాటేశాను. నలభై ఏళ్లు ఇతరులకు చదవడం గురించి పాఠాలు చెప్పాను. ఆ పేజీ మీద నేను వేసిన నంబర్లు అలాగే ఉన్నాయి. పన్నెండు కూడా వేశాను.

వెళ్లేవాళ్లకు ఒకే సలహా. అక్కడ కొని తెచ్చుకుంటే చిరోటీలు ఘాట్ కుదుపులకు పొడి అవుతాయి, అంతకంటే నేర్చుకుని వచ్చి ఇంట్లో చేసుకోండి. ఒక్కో వాయికి సన్నమంట మీద పది నిమిషాలు పడుతుంది. ఆగలేనివాళ్లు ఆ సేపు చెప్పులేసుకుని బయటికి పోవాలి.