పెదనాన్న చూసిన నీలం

మొన్న ఇంటికి రంగులు వేయిద్దామని గుఢియారీ బజారులో పెయింట్ల దుకాణానికి వెళితే, కొట్టతను షేడ్ కార్డు పరిచి ఒక్క నీలంలోనే ఇరవై రకాలు చూపించాడు. ఇరవై ఏళ్ల కిందట మా పెదనాన్నయితే వాటిలో సగం ఆకుపచ్చలని తేల్చేసి, కాదన్నవాళ్లతో పోట్లాడేవాడు.

శ్రీకాకుళం నుంచి ఈ హిందీ ఊరికి వచ్చి, ఉర్లా ఫ్యాక్టరీల పేటలో ఇనుము సాగదీసే రోలింగ్ మిల్లులో కుదిరిన మనిషి. కొలిమిలో కాలుతున్న ఇనుము రంగు చూసి, బయటికి తీయొచ్చో లేదో చెప్పటం ఆయన పని. ఎరుపు మీదుంటే ఆగమనేవాడు; నారింజ దాటి పసుపులోకి వస్తేనే చెయ్యి ఊపేవాడు. వేడి కొలిచే మీటర్లున్నా అందరూ ఆ చేతికేసే చూసేవారు. ఆ దర్జా ఇంట్లోనూ ఉండేది. చీర రంగైనా, చివరికి పులుసు రంగైనా ఆయన ఒప్పుకోవాల్సిందే. అందరం ఒకే ఇంట్లో ఉండేవాళ్లం. నా బడికి నీలం రిబ్బన్లు తెమ్మంటే ఆకుపచ్చవి తెచ్చాడు.

"ఇవి ఆకుపచ్చవి కదండీ" అంది పెద్దమ్మ.

"నాకు నేర్పుతావా రంగులు?" అని గయ్యిమన్నాడు. నేను అవే కట్టుకెళ్లి, వారం రోజులు క్లాసులో వెనక నిలబడ్డాను.

ఆ వానాకాలమే ఆయన చెయ్యి ఊపిన ఇనుము సరిగా కాలక, రోలర్ల మధ్య ఇరుక్కుని, మెలితిరిగి పక్కకు దూకింది. పక్క బస్తీ బీర్‌గావ్ నుంచి వచ్చే కూలీ ఒకతను వెనక్కి గెంతి బతికిపోయాడు. చెప్పు మాత్రం కాలింది. సరుకే మంచిది కాదనుకున్నారంతా. ఊరుకుంటే అక్కడితో పోయేది. ఆయనే సూపర్‌వైజరు దగ్గరికెళ్లి, "గల్తీ మేరీ హై సాబ్, రంగ్ నహీ దిఖ్‌తా" అని చెప్పేశాడు. తప్పు తనదేనని, రంగు కనపడటం లేదని అన్న ఆ మాటే పెద్దమ్మతో తెలుగులో చెప్పటానికి ఇంకో రెండు రోజులు పట్టింది.

శుక్లాలు ముదిరి కళ్లకు పసుపు తెర కట్టాయన్నాడు డాక్టరు. ఒక కంటికి ఆపరేషనై కట్టు విప్పాక, పెదనాన్న ఇంట్లో కూర్చుని ఒకసారి ఈ కన్ను, ఒకసారి ఆ కన్ను మూసి గోడను చూడసాగాడు.

"ఏమే, దీనికి నీలం ఎప్పుడు వేయించావు?"

"నాలుగేళ్లయిందండీ. మీరు ఆకుపచ్చంటే ఊఁ అన్నాను."

రెండో కంటికీ ఆపరేషనైంది. తర్వాత మిల్లువాళ్లు పిలిచినా ఆయన కొలిమి దగ్గరికి వెళ్లలేదు. గేటు దగ్గర పని అడిగి తీసుకున్నాడు. కళ్లు బాగయ్యాయిగా అన్నాను నేను.

"ఎప్పుడు పోయాయో నాకే తెలీలేదమ్మా. మళ్లీ పోతే మాత్రం తెలుస్తుందా?"

ఏళ్లు గడిచాయని ఇప్పుడు అందరం అంటాం గానీ, అవి గడుస్తుండగా చూసినవాళ్లు మా ఇంట్లో ఒక్కరూ లేరు.