మందలో కొత్త కుక్క

ఈ ఉదయం కడప పక్కన ఒక గొర్రెల దొడ్డిలో మందుల ఐసు పెట్టె మూత తీశాను. చల్లటి ఆవిరి ముఖానికి తగిలింది, వెంటనే స్పిరిట్ వాసన. అంతే, కోయిలకుంట్ల దగ్గర మా ఊళ్లో ఉన్నాను! పశువుల డాక్టరునై ఇన్నేళ్లయినా ఆ వాసనకు నా మనసు గంతులేస్తుంది. నాకది ఖాజా మామ వాసన. డొక్కు మోపెడ్ మీద ఊరూరా తిరిగి గొర్రెలకు సూదులు వేసే కాంపౌండరు ఆయన. రెండు చేతుల మీదా తెల్లటి బొల్లి మచ్చలుండేవి. అంటుకుంటాయన్న భయంతో మా వీధివాళ్లు ఆయనకు నీళ్లు చేతికిచ్చేవారు కాదు, గ్లాసు అరుగు మీద పెట్టి పక్కకు తప్పుకునేవారు. మా ఇంట్లోనూ అదే వరస.

నేను తొమ్మిదో తరగతిలో ఉండగా పక్క ఊరి గొర్రెలకు బొబ్బరోగం దిగింది. మాకున్నదల్లా ఎనభై గొర్రెలు. అవి పోతే ఇంట్లో పొయ్యి వెలగదు, నా చదువు అటకెక్కుతుంది. ఖాజా మామ పొద్దున్నే వచ్చి అన్నిటికీ టీకా వేశాడు. మా నాయన మద్దిలేటికి ప్రాణం లేచొచ్చింది. ఎరువు కోసం మందను చేనులో పడుకోబెడతానని ఆ పక్క ఊరి రైతుకే ఆయన మాటిచ్చి ఉన్నాడు. సూది పడింది కదా, ఇంకేం భయమని మధ్యాహ్నమే ఇరవై గొర్రెలను చిన్నాయన వెంట పంపేశాడు. మిగతా అరవైని దొడ్డి దాటిస్తుండగా, మరిచిపోయిన సిరంజి కోసం ఖాజా మామ తిరిగొచ్చాడు.

"యాడికప్పా తోలుకపోతాండావు?"

"సూది ఏసినావు కదా ఖాజన్నా, ఇంక రోగమేం జేస్తాది?"

మామ మోపెడ్‌ను అక్కడే పడేసి, చేతులు చాచి దారికి అడ్డంగా నిలబడ్డాడు. "కొత్త కుక్కను మందలో కట్టేసిన్నాడే తోడేలును పడతాదా? నేనేసిన సూది పండ్లు పీకిన తోడేలప్పా. ఒంట్లో ఉండే కావలికుక్క దాని వాసన పట్టల్ల, దాన్ని సంపే సరుకు తయారు జేసుకోవల్ల. మూడు వారాలు పడతాది."

"మాటిచ్చినానన్నా."

"గొర్రెలు సస్తే మాట తిని బతుకుతావా?"

నాయన గొణుక్కుంటూ మందను మళ్లించాడు. పోయిన ఇరవై అప్పటికే ఆ ఊరి గొర్రెలతో కలిసిపోయాయి. వాటిని వెనక్కి తెస్తే రోగాన్ని చెయ్యి పట్టుకుని ఇంటికి తెచ్చినట్టేనని మామ అక్కడే ఉంచమన్నాడు.

నాలుగో రోజు కొన్ని గొర్రెలకు ఒళ్లు వెచ్చబడి, సూది గుచ్చిన చోట వాచింది. అయ్యో దేవుడా అనుకుంటూ ఆయన దగ్గరికి పరుగెత్తాను. ఆయన చప్పట్లు కొట్టాడు! "లోపల కుక్క మొరుగుతాంది పాపా!" ఇంక నేను ఊరుకుంటానా? అదెక్కడుంటుంది, ఎలా గుర్తుపడుతుంది అని ఊపిరి తిప్పుకోనివ్వలేదు. నెత్తురులో, ఎముకల మూలుగలో, సంకల్లో ఉండే గడ్డల్లో ఉంటుందనీ, ఒకసారి చూసిన దొంగను శానా కాలం మరవదనీ చెప్పాడు. తర్వాత తన చేతులు చూపించాడు. "ఇదీ దాని పనే. నా కుక్క తికమకపడి నా గొర్రెలనే, తోలుకు రంగిచ్చేవాటినే కరుస్తాంది. ఎవురికీ అంటుకోదు."

కాపాడేదీ అదే, కరిచేదీ అదే! ఆ రాత్రి నిద్రపడితే ఒట్టు.

పోయిన ఇరవైలో పదకొండు బొబ్బలెక్కి చచ్చాయి. నాయన రెండు రోజులు అన్నం ముట్టలేదు. నాలుగో వారం రోగం మా ఊరికీ వచ్చి, టీకా వేయించని పక్క దొడ్డి సగం ఖాళీ చేసింది. నేను రోజూ మా గొర్రెల మూతులు, చెవులు, తోకల కింద వెతికేదాన్ని. అరవైకి అరవై, ఒక్క బొబ్బ లేదు! నేను వీధంతా కేకలేస్తూ తిరిగాను. నాయన మాత్రం లోపలికెళ్లి, తాను తాగే గ్లాసులో టీ పోసుకొచ్చి, ఖాజా మామ చేతిలో పెట్టాడు. "నీ మాట ముందే ఇనింటే బాగుండు ఖాజన్నా" అన్నాడు. మామ కళ్లు తుడుచుకుని టీ ఊదుకున్నాడు.

ఈరోజు సూదులు అయిపోయి నేను పెట్టె సర్దుతుంటే, దొడ్డి యజమాని కర్ర తీసుకుని తడిక లాగాడు.

"సూది పడింది గదా మేడమ్, రేపటి సంతకు ఈ పొద్దే తోలుకపోతా."

పెట్టె కింద పెట్టి, చేతులు చాచి దారికి అడ్డంగా నిలబడ్డాను.

"ఆగప్పా, కుక్క ఇంగా నేర్చుకుంటాండాది."